మింగుడు గుమ్మం

నా చిన్నప్పుడు మా ఇంట్లో ఎవరైనా చెప్పులేసుకుని బయల్దేరుతుంటే "ఎక్కడికి?" అని అడగడం మహాపరాధం. అడిగితే వెళ్ళే పని చెడుతుందని మా తాతయ్య నమ్మకం. ఒకసారి నాన్నగారు ఆసుపత్రికి బయల్దేరుతుంటే నేను పొరపాటున అడిగేశాను. తాతయ్య ఆయన్ని వెనక్కి పిలిచి, కూర్చోబెట్టి, మంచినీళ్ళు తాగించి గానీ వదల్లేదు. అక్కడ రోగులు ఎదురుచూస్తున్నారంటే చూడనీ అన్నారు.

అప్పుడు మేం మెల్‌బోర్న్ శివార్లలో, క్రాన్‌బర్న్‌లో ఉండేవాళ్ళం. ఇప్పుడక్కడ సందుకో మనవాళ్ళ ఇల్లు. అప్పట్లో మా పెరటి కంచె దాటితే గుర్రాలు మేసే బీళ్ళు తప్ప ఏమీ లేవు. నాకు తొమ్మిదేళ్ళు, చెల్లికి ఆరు. ఇద్దరం తెలుగు విని ఇంగ్లీషులో జవాబిచ్చే బాపతు. తెనాలి నుంచి ఆర్నెల్లు ఉండటానికొచ్చిన తాతయ్యకి ఆ జవాబులు సగం అర్థమయ్యేవి కావు. మమ్మల్ని దారికి తెచ్చుకోవడానికి ఆయన ఏకంగా ఒక లోకాన్నే కట్టారు.

దాని పేరు మబ్బునాడు. రోజూ మధ్యాహ్నం అన్నాలయ్యాక దానికి ఒక ఏరో, ఒక ఊరో చేర్చేవారు. అన్నిట్లోకీ మాకు ఇష్టమైనదీ, భయమైనదీ మింగుడు గుమ్మం. రెండు కొండల మధ్య తలుపుల్లేని రాతి గుమ్మం అది. అందులో అడుగుపెడితే మన నీడ మనకన్నా ముందు నడుస్తుంది. నాలుగడుగులేస్తే వెనకున్నది ముందుకొస్తుంది. అక్కడ ఒక పూట గడిపితే బయట ఏడాది గడిచిపోతుంది. వెళ్ళినవాళ్ళు తిరిగి రావాలంటే ఒకటే షరతు. బయట నిలబడ్డవాళ్ళు వాళ్ళు ఎక్కడికెళ్ళారో ఎవరికీ చెప్పకూడదు. చెప్పారో, గుమ్మం ఉత్త బండరాయైపోతుంది, లోపలివాళ్ళు లోపలే. తన పట్టింపునే తాతయ్య కథలో పెట్టారని ఇప్పుడు తెలుస్తోంది. అప్పుడు మాకది శాసనం.

బీడు చివర రోడ్డు కింద వాననీళ్ళు పోయే పెద్ద తూము ఉండేది. మా నిలువెత్తు సిమెంటు గొట్టం. లోపల నిలబడి "అక్కా" అని అరిస్తే మూడుసార్లు వినిపించేది. అదే మింగుడు గుమ్మమని మేమిద్దరం తీర్మానించుకున్నాం. అటు పోవద్దని అమ్మ ఎన్నిసార్లు చెప్పినా మాకు చెవికెక్కలేదు.

వేసవి సెలవుల్లో ఒకరోజు చెల్లి తానే లోపలికి వెళ్తానని పట్టుబట్టింది. "అక్కా, యూ స్టాండ్ గార్డ్" అని నన్ను బయట నిలబెట్టి చీకట్లోకి నడిచింది. కాసేపు దాని కేకలు వినిపించాయి, తర్వాత వినిపించలేదు. నా బూట్ల అడుగున తడిగా ఉన్న నేల మీదికి నీళ్ళొచ్చాయి. ఎండ కాస్తూనే ఉంది. ఎగువన ఎక్కడో కురిసిన వాన ఇక్కడికి పరుగెత్తి వస్తుందని నాకేం తెలుసు?

అన్నానికి పిలవడానికి తాతయ్య పంచె మీద, ఎండాకాలంలోనూ విప్పని స్వెట్టరుతో, బీడుకి అడ్డంపడి వచ్చారు. "చెల్లేదే?" అన్నారు. నేను మాట్లాడలేదు. గద్దించారు. బతిమాలారు. చెబితే గుమ్మం మూసుకుపోతుంది, చెల్లి ఇక రాదు. నేను పెదవులు బిగబట్టి నిలబడ్డాను. నీళ్ళు నా చీలమండలు దాటాయి. ఆయన నీళ్ళ వంక చూశారు, నా మొహం వంక చూశారు. నా నోరు కట్టేసింది తన కథేనని అప్పుడు తట్టినట్టుంది, మొహం పాలిపోయింది.

నా భుజాలు పట్టుకున్నారు. "మబ్బునాడు లేదు తల్లీ. గుమ్మం లేదు, ఏమీ లేదు. అంతా నేను కల్పించిందే. తాత అబద్ధం చెప్పాడు."

నేను నిర్ఘాంతపోయాను. నీళ్ళకి భయపడలేదు గానీ ఆ మాటకి నా ఒళ్ళంతా చల్లబడిపోయింది. చెయ్యెత్తి తూము చూపించాను.

డెబ్బై ఏళ్ళ మనిషి పంచె ఎగ్గట్టి, వంగి, గోడలు తడుముకుంటూ లోపలికెళ్ళారు. గోడకున్న ఇనపమెట్టు పట్టుకుని, నడుములోతు నీళ్ళలో, గొంతు పోయి నిలబడి ఉందట చెల్లి. దాన్ని భుజాన వేసుకుని బయటికొచ్చేసరికి ఆయన నుదురు గీరుకుని రక్తం కారుతోంది. మేం గట్టెక్కిన కాసేపటికే తూము సగానికి పైగా నిండి హోరెత్తింది. ఆయన గడ్డిలో కూలబడ్డారు. నేను చెల్లిని ముట్టుకుని ముట్టుకుని చూశాను.

ఆ సాయంత్రం అమ్మా నాన్నగారూ వచ్చాక, నన్ను తిట్టకముందే, తప్పు తనదని తాతయ్య చెప్పేశారు. పెద్దవాళ్ళు అలా ఒప్పుకోగా నేను చూడటం అదే మొదలు. అయినా రెండ్రోజులు ఆయనతో మాట్లాడలేదు. చెల్లి బతికిందన్న సంతోషం కన్నా, మబ్బునాడుని నాకు లేకుండా చేశారన్న కోపమే ఎక్కువగా ఉండేది. చిన్నతనం, మరేం చేస్తాం! తన మాటకున్న విలువంతా పోతుందని తెలిసి కూడా ఆయన ఒక్క క్షణం తటపటాయించలేదని అర్థం కావడానికి నాకు చాలా ఏళ్ళు పట్టింది.

నా కూతురు యూనివర్సిటీలో ఉండగా ఒక సెలవుల్లో గదిలోంచి బయటికి రావడం మానేసింది. ఏమైందే అంటే పలకదు. తిండి లేదు, నిద్ర లేదు. తలుపు దగ్గర నిలబడి ఆ మొహం చూశాను. తొమ్మిదేళ్ళప్పుడు నేనలాగే బిగబట్టి నిలబడ్డాను. మనింట్లో ఎవరూ ఏనాడూ ఫెయిలవలేదని దానికి ఊహ తెలిసినప్పట్నుంచీ గొప్పగా చెప్పుకుంటూ వచ్చింది నేనే. దాని పక్కన కూర్చుని, డిగ్రీ రెండో ఏడాది నేను రెండు సబ్జెక్టులు తప్పానని, ఇన్నేళ్ళూ దాచానని చెప్పాను. అది కొయ్యబారిపోయి నా వంక చూసింది. తర్వాత నోరు విప్పింది.