చూపుడువేలికి చూపు పోయిన రోజులు

అమ్మానాన్నలు పెట్టిన పేరు ఆమె మెడలో వేలాడే కార్డు మీద ఉంటుంది గానీ, అది చదివే ఓపిక ఎవరికీ లేదు. రక్తపరీక్షల ల్యాబులో అందరికీ ఆమె దూదక్క. పెట్టింది ఎవరో చిన్నపిల్ల. సూది ఎప్పుడు దిగిందో ఆ పిల్లకి తెలియలేదు. తర్వాత చేతిమీద నొక్కిపెట్టుకోమని ఇచ్చిన దూది ఉండ ఒక్కటే గుర్తుంది. మర్నాడు వాళ్ళమ్మతో "దూదక్క దగ్గరికైతే వస్తాను" అందిట. అంతే, పేరు అతుక్కుపోయింది.

పని చేస్తుంటే ఆమె ఎదుటివాళ్ళ చేతికేసి చూడదు. రబ్బరు పట్టీ బిగించి, మోచేతి మడతలో ఎడమచేతి చూపుడువేలు ఆనించి, వాళ్ళ మొహంలోకి చూస్తూ ఏదో ఒకటి అడుగుతుంది. "ఈ చెప్పులు ఎక్కడ కొన్నారండీ? నడుస్తుంటే చప్పుడే లేదు!" చెప్పుల కథ వాళ్ళు మొదలుపెట్టేలోగా ట్యూబు నిండిపోతూ ఉంటుంది. చూపుడువేలు అని పెద్దలు ఊరికే అనలేదు. మనలాంటివాళ్ళకి అది ఎదుటివాడి తప్పు చూపించడానికి. ఆమెకి మాత్రం చర్మం కింద ఉన్నది చూడడానికి. వయసు మళ్ళినవాళ్ళు దాన్ని హస్తవాసి అనేవారు. ఆ మాట వింటే ఆమెకి సిగ్గు. "హస్తవాసీ లేదు, గిస్తవాసీ లేదు. వేలు పెడితే తెలుస్తుంది, అంతే" అనేది.

ఆదివారం వస్తే అదే వేలు మందపాటి గ్లవ్స్‌లో దూరేది. క్రికెట్ ఆమెకి పుట్టింటి నుంచి వచ్చిన సొత్తు. చిన్నప్పుడు అన్నదమ్ములు సందులో ఆడుతూ, దీనికి బ్యాటు ఇస్తే మన వంతు పోతుందని, వెనకాల నిలబెట్టి దాటిపోయిన బంతులు ఏరుకురమ్మనేవారు. ప్రతిసారీ మురిక్కాలవ దాకా పరుగెత్తడం విసుగేసి, అసలు దాటిపోకుండానే పట్టుకోవడం నేర్చుకుంది. "బద్ధకం నేర్పిన విద్య" అని తనే నవ్వేది. పెళ్ళయ్యాక ఆ విద్య చాలాకాలం అటకెక్కింది. ఆసుపత్రుల వాళ్ళు, ల్యాబుల వాళ్ళు కలిసి ఆడవాళ్ళకి పోటీలు పెట్టిన ఏడాది మళ్ళీ దిగింది. రిసెప్షన్లో కూర్చునే అమ్మాయి స్పిన్ వేస్తుంది. ఆ అమ్మాయి బంతికి కీపరుగా వికెట్లని ఆనుకుని నిలబడగలిగింది దూదక్క ఒక్కతే.

ఇంట్లో ఆమె భర్త లిఫ్టు మెకానిక్. మధ్యలో ఆగిపోయిన లిఫ్టుల్లోంచి మనుషుల్ని బయటికి తీస్తుంటాడు. మితభాషి. "లోపల ఇరుక్కున్నవాళ్ళ అరుపులు వినీ వినీ, వీడి వాటా మాటలు కూడా వాళ్ళకే ఇచ్చేసి వచ్చాడు" అంటుంది అత్తగారు. ఆవిడకి మాత్రం మాటలకి కరువు లేదు. కోడలి ఆట మీదైతే మరీను.

"ఆ వంగడమేమిటే, పాల మీద కన్నేసిన పిల్లిలాగా? పెళ్ళయిన ఆడది అలా కూర్చుంటే చూసేవాళ్ళు ఏమనుకుంటారు?"

"అవుటనుకుంటారు అత్తయ్యా" అనేది కోడలు, గ్లవ్స్ సంచిలో కుక్కుకుంటూ.

పోటీల్లో ఒక ఆదివారం రిసెప్షన్ అమ్మాయి వేసిన బంతి గులకరాయి మీద పడి, పిచ్చెక్కినట్టు పైకి లేచింది. బ్యాటు అంచుకి రాసుకుని వచ్చి దూదక్క ఎడమచేతి వేలి కొసని తాకింది. పట్టుకున్న బంతిని వదల్లేదు. మ్యాచ్ గెలిచారు. అందరూ ఎగిరి గంతులేస్తుంటే, గ్లవ్ ఊడదీసి చూసుకుని, ఐసుముక్క పెట్టుకుని తనూ నవ్వింది. వేలు వంకాయలా ఉబ్బింది. కొన్నాళ్ళు సెలవు పెట్టింది. వాపు దిగింది, రంగు తేరుకుంది, వేలు ముడుచుకోవడం మొదలెట్టింది. ఇంకేం, పనిలోకి వెళ్ళింది.

మొదట వచ్చింది నెలనెలా వచ్చే పెద్దమనిషే. పట్టీ కట్టింది, వేలు ఆనించింది, మొహంలోకి చూసి ఏదో అడగబోయింది. వేలికి ఏమీ తెలియడం లేదు. గోడ మీద పెట్టినట్టుంది. చాలాకాలం తర్వాత మొదటిసారి కళ్ళు దించి చేతికేసి చూసింది. చూసి పొడిచింది. తగల్లేదు. మళ్ళీ పొడిచింది.

"ఏమ్మా దూదక్కా, ఇవాళ నా నరాలు సెలవు పెట్టాయా?" అన్నాడాయన, పళ్ళ బిగువున నవ్వుతూ.

"మీవి కాదండీ, నావి" అని లేచి, పక్క కుర్చీలో అమ్మాయిని పిలిచి ఆయన్ని అప్పగించింది. ఎవరూ అడగకుండానే, తిన్నగా సీనియర్ టెక్నీషియన్ దగ్గరికి వెళ్ళి ఉన్నదున్నట్టు చెప్పింది. దాచుకోవచ్చు. చూసి పొడిస్తే పదిమందిలో ఆరుగురికి తగులుతుంది. తగలని ఆ నలుగురు చేతులే ఆమె కళ్ళముందు ఆడాయి.

ల్యాబులో అందరూ పెద్దాయన అని పిలిచే ఆ సీనియర్ మంచివాడే. "పేషెంటు చెయ్యి నెట్ ప్రాక్టీసు కాదమ్మా. వేలు బాగయ్యేదాకా కౌంటర్లో కూర్చో. కానీ కుర్చీ ఖాళీగా ఉంచితే పైవాళ్ళు ఊరుకోరు. నెలాఖరుకి ఇంకొకర్ని వేసేస్తారు. ఆ తర్వాత నా చేతుల్లో ఉండదు" అన్నాడు.

డాక్టరు ఎముక విరగలేదన్నాడు. వేలి కొసన నరం నలిగిందన్నాడు. తేరుకోవచ్చు, తేరుకోకపోనూవచ్చు. మన భాషలో రక్తం పారేదీ నరమే, స్పర్శ తెలిపేదీ నరమే. ఆమె నరం పడుకుంటే గాని ఊళ్ళోవాళ్ళ నరాలకి ఆమెతో ఎంత చుట్టరికమో తెలిసిరాలేదు.

ఆ సాయంత్రం ఇంట్లో భర్త ఒక్క మాటే అడిగాడు. "ఆట మానేస్తావా?"

జవాబు అత్తగారు అందుకుంది. "మానక? కూడు పెట్టే చెయ్యి పోగొట్టుకుని ఇంకా ఏ మొహం పెట్టుకుని వంగుతుందిరా?"

"ఆటలో తగిలింది నిజమే అత్తయ్యా. ఆ చేతి నేర్పు కూడా ఆటలోంచి వచ్చిందే. వచ్చిన దారినే పోతే ఎవరిని తిట్టను?" అంటూ కళ్ళనీళ్ళు పెట్టుకుంది కోడలు. కాపురానికొచ్చాక ఆమె ఏడవడం ఆవిడ ఎప్పుడూ చూడలేదు. కాసేపు గిన్నెలు చప్పుడు చేసి, చివరికి విసుగ్గా అంది:

"పెద్దకోడలు మంచమెక్కితే నడిపికోడలు వంట చెయ్యదా? ఆ పక్క వేలితో చూడవే, ఏడుపెందుకు?"

కోడలు నడిమివేలికేసి చూసుకుంది. ఇన్నేళ్ళూ పక్కనే ఉండి ఏ పనీ నేర్చుకోని వేలు.

ఆ రోజునుంచి ఇంటికి ఎవరొచ్చినా రబ్బరు పట్టీ తప్పలేదు. సూది లేదు, పట్టీ కట్టి, కళ్ళు మూసుకుని వేలితో తడమడమే. భర్త చేతులు ఎందుకూ పనికిరాలేదు. లిఫ్టు తాళ్ళలాంటి నరాలు, మోకాలితో తడిమినా తగులుతాయి. పక్కింటి పిన్నిగారు, ఇస్త్రీ అతను, కరెంటు బిల్లు తెచ్చినాయన, ఎవరినీ వదల్లేదు. నడిమివేలు మొరటుది. తొందరపడి గట్టిగా నొక్కేది. నొక్కితే నరం పక్కకి జరిగిపోయేది.

కౌంటర్లో ఖాళీ దొరికినప్పుడు రిసెప్షన్ అమ్మాయి కూడా చెయ్యి చాపేది. ఆ దెబ్బ తన బంతి వల్లేనని పాపం ఆ పిల్లకి బెంగ. ఒకరోజు చూసీ చూసీ అంది: "అక్కా, ఏంటలా దొంగని పట్టుకుంటున్నట్టు వెంటపడతావు? నా బంతి కోసం ఎప్పుడైనా చేతులు ముందుకి చాచావా? రానిచ్చి కదా పట్టుకునేదానివి!"

దూదక్క పకపకా నవ్వింది. తర్వాత నవ్వు ఆపి, వేలు ఆనించి, నొక్కకుండా ఊరికే ఉంచింది. కాసేపటికి ఎక్కడో అడుగునుంచి, గుమ్మంలో నిలబడి లోపలికి రమ్మంటారా వద్దా అని చూసే చుట్టంలా, నరం మెల్లగా వేలికి తగిలింది.

నెలాఖరు దగ్గరపడింది. పెద్దాయన ఇంకా సందేహంలోనే ఉన్నాడు. "తడమడం వేరు, పొడవడం వేరు. మొదట ఎవరి చెయ్యి ఇమ్మంటావు?" అన్నాడు.

ఇంట్లో ఆ ముక్క విన్న అత్తగారు మర్నాడు పొద్దున్నే ఏమీ తినకుండా, ఉతికిన చీర కట్టుకుని ల్యాబులో దిగింది. ఆవిడకి చక్కెర జబ్బు. డాక్టరు ఎన్నిసార్లు చెప్పినా పరీక్ష చేయించుకోదు. వెనక ఇంకో చోట రెండు చేతులూ నీలంగా కమిలేదాకా పొడిచారుట, అప్పట్నుంచి సూది పేరెత్తితే ఒట్టు. కోడలు చెప్పినా వినలేదు. బొద్దు చేతులు, లోతు నరాలు.

"రక్తం ఇస్తాను. కానీ మా కోడలే తియ్యాలి" అంది, గది నిండా కూర్చున్నవాళ్ళందరికీ వినపడేలా.

"అమ్మా, మీ చెయ్యి చాలా కష్టమండీ" అన్నాడు పెద్దాయన.

"తెలుసు నాయనా. తేలికైన చెయ్యి ఇస్తే నువ్వు నమ్ముతావా?"

పెద్దాయన కుర్చీ చూపించాడు. దూదక్క మెడలో కార్డు తీసి కౌంటర్ బల్ల మీద పెట్టి, చేతులు కడుక్కుని వచ్చి కూర్చుంది. పట్టీ కట్టింది. నడిమివేలు ఆనించింది. ఏమీ లేదు. దూదిపరుపు మీద పెట్టినట్టుంది. నొక్కాలనిపించింది. నొక్కలేదు. అత్తగారి మొహంలోకి చూసింది.

"అత్తయ్యా, వచ్చేముందు స్టవ్ ఆపారా?"

"ఆపకేం? నన్నేమనుకున్నావు? మొన్న మీ ఆయన పాలు పెట్టి మర్చిపోతే ఇల్లంతా మాడు వాసన కొడుతుంటే ఆపింది ఎవరు? నువ్వా? నువ్వు పక్కింటి పిన్ని చెయ్యి పిసుకుతున్నావు. వాడు చూస్తే లిఫ్టు దగ్గర ఉన్న శ్రద్ధ పొయ్యి దగ్గర ఉండదు... ఇంతకీ ఇంకెంతసేపే? పొడిస్తే పొడువు, చంపితే చంపు!"

"అయిపోయింది అత్తయ్యా. మడిచి పెట్టుకోండి."

ఆవిడ నమ్మలేదు. మోచేయి తిప్పి చూసుకుంది. ట్యూబు ఎత్తి వెలుగులో చూసింది. అది తన రక్తమేనా అన్నట్టు పెద్దాయనకేసి చూసింది. ఆయన తల ఊపాడు. ఆవిడ కళ్ళు చెమర్చాయి గానీ, నలుగురిలో బయటపడే మనిషి కాదు. కొంగు సర్దుకుని లేచింది.

వరసలో ఉన్న ఒకాయన తన చీటీ పట్టుకుని, పక్క అమ్మాయి పిలుస్తున్నా కదలకుండా, "నాకూ ఆవిడే తియ్యాలండీ" అన్నాడు. అతని వెనకావిడ కూడా కదల్లేదు.

"తీస్తుంది, అందరికీ తీస్తుంది" అంది అత్తగారు గుమ్మం దగ్గర ఆగి. "ఆదివారం మాత్రం పిలవకండి. దానికి ఆట ఉంది."

పెద్దాయన దూదక్క కార్డు కౌంటర్ బల్ల మీంచి తీసి ఆమె చేతికిచ్చి, గదిలోకి తిరిగి కేకేశాడు. "తర్వాత ఎవరమ్మా, రండి!"