శుక్రవారం చౌపాటీ

ముంబై పక్కనున్న భివండికి వచ్చిన పదకొండేళ్ళకు మేము సముద్రం చూశాం. అదీ మా సేఠ్ చుట్టాల పుణ్యమా అని. ఊరి నుంచి ఆయన బావమరిది కుటుంబం వస్తోందని, వాళ్ళకు ముంబై తిప్పి చూపించడానికి ఒక కారును, దాంతోపాటు ఒక గైడును మాట్లాడి పెట్టాడు. తీరా ఆ వారానికి వాళ్ళ ఇంట్లో ఎవరికో జ్వరం తగిలి ప్రయాణం ఆగిపోయింది. మాట్లాడిన కారు ఊరికే పోవడం ఎందుకని సేఠ్ మా ఆయన్ను పిలిచి, "నీ పెండ్లాన్ని తీస్కొని పోరా. ఎన్నడన్న తిప్పినవా దాన్ని?" అన్నాడు. సేఠ్‌ది మా జిల్లానే. అందుకని మా కాపురంలో కూడా తనకొక వాటా ఉందనుకునేవాడు.

మా ఆయన సేఠ్ కార్ఖానాలో జాబర్. మరమగ్గాలను మేము సాంచెలంటాం. సాంచె మొరాయిస్తే బాగుచేసేవాడు జాబర్. మా పేట గైబీ నగర్‌లో మా ఆయనకు పెద్ద పేరు. తక్కిన జాబర్లు సాంచె చప్పుడు వింటూ, పానాలు పట్టుకుని అరగంట వెతికేదాన్ని, ఈయన దాని చట్రం మీద అరచేయి ఆనించి, కళ్ళు మూసుకుని, "నాడె కొట్టే కట్టె కాడ నట్టు వదులైంది" అని చెప్పేవాడు. నాడె అంటే నూలుతో అటూ ఇటూ ఉరికేది. అక్కడే వదులై ఉండేది. 'చేయి పెడితే చాలు' అని అందరూ మెచ్చుకుంటుంటే నాకు ఒళ్ళు మండేది. ఇనుము కష్టం అంత బాగా తెలిసిన చేతికి ఇంట్లో మనిషి కష్టం తెలియదా అని.

ఎందుకు మండేదో చెప్పాలి. అంతకు నాలుగేళ్ళ ముందు నాకొక ఆడపిల్ల పుట్టి పోయింది. కాన్పప్పుడు నాకు తెలివి లేదు. తెలివి వచ్చేసరికి మర్నాడు సాయంత్రమైంది. అప్పటికే మా ఆయన, పక్కగది పెద్దాయన కలిసి బిడ్డను పూడ్చిపెట్టి వచ్చేశారు. బిడ్డ ముఖం నేను చూడలేదు. మా వైపు మనుషుల్లో ఆ ముఖం సరిగ్గా చూసింది మా ఆయన ఒక్కడే. పోయిన పసిగుడ్డు మాట తల్లి ముందు ఎత్తకూడదని మాలో ఒక పట్టింపు. ఎత్తితే తర్వాతి కాన్పుకు అడ్డమట. తర్వాతి కాన్పు ఎలాగూ రాలేదు. మూసిన నోళ్ళు మాత్రం మూసినట్టే ఉన్నాయి.

మా గది కార్ఖానా మీదే ఉండేది. కింద పగలూ రాత్రీ సాంచెలు ఆడుతుంటే పైన గిన్నెలు కూడా వణికేవి. ఆ మోతలో మా మాటలన్నీ సగం అరుపులు, సగం మూతి కదలికలు. కొత్తగా వచ్చినవాళ్ళకైనా ఆరు నెలలు తిరిగేసరికి ఎదుటి మనిషి పెదాలు చూసి మాట పట్టుకోవడం వచ్చేస్తుంది. అక్కడ మెల్లగా మాట్లాడుకునే వీలు వారానికి ఒక్కసారే. శుక్రవారం సాంచెలకు సెలవు గనక గురువారం రాత్రికి అన్నీ ఆగేవి. అలాంటి ఒక గురువారం, లైటు ఆర్పాక, గోడవైపు తిరిగి పడుకున్న మా ఆయన వీపును అడిగాను, బిడ్డ ఎట్లుండె అని. ముఖం చూస్తూ అడగడానికి నాకు నోరు రాలేదు. జవాబు లేదు. మరో గురువారం అడిగాను. మూడోసారి ఏడుస్తూ అడిగాను. వీపు కదల్లేదు. ఆ తర్వాత నేను రాయితో కాపురం చేస్తున్నానని తేల్చుకున్నాను. వంట చేశాను, నూలు కండెలు చుట్టాను, ఆయనకు అన్నం పెట్టాను. పక్కనే మనిషి ఉండగా ఒంటరిగా బతకడం ఎలాగో ఆ మూడు నాలుగేళ్ళలో నాకు బాగా వంటబట్టింది.

అందుకే సముద్రానికి పోదామనగానే ఒక మాట అనుకున్నాను. అక్కడ, పట్టపగలు, ముఖం మీదే అడుగుతాను. అప్పుడు కూడా చెప్పకపోతే శనివారం మా తల్లిగారి ఊరి బస్సెక్కుతాను, మళ్ళీ రాను. నాలుగు చీరలు సంచిలో సర్ది మంచం కింద పెట్టేశాను కూడా.

శుక్రవారం పొద్దున్నే బయల్దేరాం. మా లెక్కలో సెలవంటే శుక్రవారమే. భివండిలో అన్నేళ్ళుంటే లోకమంతా శుక్రవారమే తలస్నానం చేసి, శుక్రవారమే కోడిని కోసుకుంటుందని అనిపిస్తుంది. చౌపాటీ సముద్రపు ఒడ్డంటే జాతరేనని, మనలాంటి వాళ్ళందరూ ఆ రోజే వస్తారని నమ్మి, నేను పెళ్ళినాటి పట్టుచీర కట్టుకున్నాను. మా ఆయన ఇస్త్రీ చొక్కా వేసుకుని, జేబులో దువ్వెన పెట్టుకున్నాడు.

కారు నడిపేదీ గైడే, కథలు చెప్పేదీ గైడే. యాభై దాటిన మనిషి, తెల్ల టోపీ. ఠాణే దాటక ముందే హిందీలో మొదలుపెట్టాడు. ఏ వంతెన ఎవరు కట్టారు, ఏ మేడలో ఎవరు చచ్చిపోయారు, ఏదీ వదల్లేదు. ముందుకు చూసి నడుపుతూ వెనక సీటుకు చెప్పేవాడు. నేను 'హా జీ' అంటూ పోయాను. మా ఆయన కిటికీలోంచి చూస్తూ కూర్చున్నాడు. ఒక్క ముక్కకు కూడా ఊకొట్టలేదు. ఇక్కడా రాయేనా, నాలుగు మంచి మాటలు చెప్పే మనిషికైనా ముఖం చూపించడా అని నాకు సిగ్గేసింది.

చౌపాటీలో దిగేసరికి పదకొండు గంటలు. ఇసుక, ఎండ, కాకులు. భేల్‌పూరీ బండ్ల మీద టార్పాలిన్లు కప్పి తాళ్ళు కట్టి ఉన్నాయి. తుపాకీతో బెలూన్లు కొట్టే చోట బెలూన్లు లేని చెక్క ఒకటి నిలబడి ఉంది. గుర్రం నీడన నిద్రపోతోంది. నేను పట్టుచీరలో పెళ్ళి అయిపోయిన తర్వాత వచ్చిన చుట్టంలా నిలబడ్డాను.

"ఆజ్ తో శుక్రవార్ హై, మేడమ్. ఇక్కడ రౌనక్ అంతా ఇత్వార్ సాయంత్రం," అన్నాడు గైడు. రౌనక్ అంటే సందడి, ఇత్వార్ అంటే ఆదివారం. ఆదివారం దిన్‌పాళీలో, పగటి షిఫ్టులో, మా ఆయన ఏ సాంచె కింద పడుకుని ఉంటాడో ఈయనకేం తెలుసు?

అయినా గైడు తన పని వదల్లేదు. మంది తప్పిపోకుండా పైకెత్తి పట్టే ఎర్ర గొడుగొకటి ఉంది ఆయన దగ్గర. ఖాళీ ఇసుకలో మా ఇద్దరి కోసం దాన్ని ఎత్తి పట్టుకుని ముందు నడిచాడు. తెల్లదొరల కాలంలో ఇక్కడ ఎవరెవరు షికారు చేసేవారో చెప్పాడు. మూసి ఉన్న అద్దాల డేరా ముందు ఆపి, తెరిచి ఉంటే ఒక అద్దంలో నేను లావుగా, ఇంకో అద్దంలో పొడుగ్గా కనిపించేదాన్నని వివరించాడు. ఎదురుగా సముద్రం ఉంది గానీ నాకు దానివైపు ధ్యాసే లేదు. ఈయన ఒక్క నిమిషం నోరు మూస్తే నా మాట నేను అడుగుదామని కాచుకుని ఉన్నాను.

ఒక జెయింట్ వీల్ ఉంది, చేతులతో తిప్పేది. దాన్ని తిప్పే మనిషి దాని డబ్బాలోనే పడుకుని ఉంటే గైడు లేపాడు. మా ఆయన ఎక్కలేదు. దగ్గరికి పోయి ఇనుప స్తంభం మీద అరచేయి ఆనించి, వీల్‌ను ఒక చుట్టు తిప్పమని సైగ చేశాడు. "దీని బేరింగుల గ్రీజు ఒడిసింది," అని నాతో అన్నాడు. సముద్రానికి వచ్చినా సాంచె రిపేరేనా అని నేను తల పట్టుకున్నాను. ఆయనకు ఆ రోజు మొదటిసారి ముఖం వికసించింది. వీల్ మనిషి చేత గ్రీజు డబ్బా తెప్పించి, చొక్కా చేతులు మడిచి, పనిలో పడ్డాడు.

అప్పుడు గైడు గొడుగు దించి నా దగ్గరికి వచ్చి గొంతు తగ్గించి అడిగాడు. "మేడమ్, సాబ్‌కు వినబడదా?"

నేను కస్సుమన్నాను. "వినబడకపోతే జాబర్ పని ఎట్లా చేస్తాడు? మీ గోల భరించలేక ఊరుకున్నాడు," అని నాకొచ్చిన హిందీలో దులిపేశాను.

ఆయన కోపం తెచ్చుకోలేదు. "మా నాన్న ఇక్కడి బట్టల మిల్లులో ముప్పై ఏళ్ళు చేశాడు. ఆయన కూడా ఇలాగే. ముఖం చూస్తే మాట్లాడేవాడు. వెనక నుంచి పిలిస్తే పలికేవాడు కాదు. మా అమ్మ పొగరనుకునేది," అన్నాడు. అని, టీ తాగి వస్తానని రోడ్డువైపు వెళ్ళిపోయాడు.

పొయ్యి దగ్గర నుంచి పిలిస్తే మా ఆయన ఎప్పుడు పలికాడు? గుర్తు రాలేదు. ఇంట్లో ఎప్పుడూ నాకు ఎదురుగానే ఎందుకు కూర్చుంటాడు? బజారులో బేరం నా మీదకే ఎందుకు తోస్తాడు? తక్కినవాళ్ళు చెవితో పట్టేదాన్ని ఈయన చేత్తో ఎందుకు పట్టుకుంటాడు? ఊరంతా అరుచుకుంటూ, మూతులు చూసుకుంటూ బతికే చోట ఒక మనిషికి చెవులు పోయాయని ఎవరికి తెలుస్తుంది? సరే, ఊరికి తెలియదు. నాకు?

గ్రీజు పని అయ్యాక మా ఆయన చేతులు కడుక్కుందామని నీళ్ళ దగ్గరికి పోయాడు. కడుక్కుని అక్కడే గొంతుక్కూర్చుని, తడి ఇసుక మీద అరచేయి ఆనించాడు. అల వచ్చి పోతోంది. నేను మెల్లగా పోయి వెనక నిలబడ్డాను.

"నీ అంగీ ఎనుక చినిగింది," అన్నాను. చినగలేదు. కదల్లేదు. "సేఠ్ వచ్చిండు సూడు," అన్నాను. కదల్లేదు. అలల చప్పుడేమోనని గొంతు పెంచి, "బిడ్డ ఎట్లుండె?" అని అరిచాను. దూరంగా వీల్ దగ్గరున్న మనిషి తిరిగి చూశాడు. మా ఆయన చూడలేదు.

అది నాలుగోసారి. ఆ మూడు గురువారాలు నేను గోడకే చెప్పుకున్నానని అప్పుడు తెలిసింది. నాకు ఏడుపు రావలసింది. రాలేదు. ఎన్నాళ్ళుగానో పెంచుకున్న కోపాన్ని ఎక్కడ పెట్టాలో తెలియక అలాగే నిలబడ్డాను.

తర్వాత పట్టుచీర తడిస్తే తడవనీ అని చుట్టూ తిరిగి పోయి, ఆయనకు ఎదురుగా, నీళ్ళలోనే కూర్చున్నాను.

"ఏందే, చీర ఖరాబైతది," అన్నాడు.

నా నోటివైపు వేలు చూపించుకుని, "బిడ్డ ఎట్లుండె?" అన్నాను.

ఆయన నా పెదాలనే చూశాడు. చేయి ఇసుక మీద నుంచి తీయలేదు.

"జుట్టు మస్తుండె," అన్నాడు. "నల్లగ, నొసటి దాంక. చెవులు నీయే, పెద్దయి. ఎడమ చెయ్యి పిడికిలి పట్టుకొనుండె. ఇప్పి సూసిన. గోర్లు గూడ ఉండె."

నేను ప్రతి మాటా మనసులో ఒక్కొక్కటిగా దాచుకుంటున్నాను. జుట్టు. చెవులు. గోర్లు. అక్కడితో ఆపి ఉంటే బాగుండేదేమో. కానీ అడగకుండా ఉండలేకపోయాను.

"ఏడ్సిందా?"

ఆయన ముఖం మారిపోయింది. సముద్రం వైపు చూశాడు, మళ్ళీ నావైపు తిరిగాడు.

"బట్టల సుట్టి నా చేతుల పెట్టిండ్రు. అప్పటికి పానం ఉండె. నోరు తెరిసింది. రెండు పార్లు తెరిసింది. ఏడ్సిందో లేదో నాకు తెల్వదే. నాకు ఇనబడలే. రొమ్ము మీద చెయ్యి పెట్టి సూసిన. జరసేపు ఆడింది. ఎన్కనుంచి ఆడలే."

అల వచ్చి మా ఇద్దరి మధ్య నుంచి పోయింది.

"గిదే అడుగుతవని ఇన్నేండ్లు భయపడ్డ," అన్నాడు. "ఏడ్సిందా అంటే ఏమని చెప్పాలె? నువ్వు ఒక్కపారి గూడ అడగకపోతివి. నా మీద దయతోని అడుగుతలేవనుకున్న."

మూడుసార్లు అడిగానని నేను చెప్పలేదు. చెప్పడానికి నోరు తెరిచాను కూడా. ఆయన నా పెదాలవైపు ఆశగా చూస్తుంటే మూసేసుకున్నాను.

కాసేపటికి, "నా చెవుల ముచ్చట సేఠ్‌కు చెప్పకు," అన్నాడు. చెప్పనని తల ఊపాను.

తిరుగు ప్రయాణంలో గైడు ఏమీ మాట్లాడలేదు. ఒక్కచోట మాత్రం కారు ఆపి, వెనక్కి పూర్తిగా తిరిగి, మా ఆయన ముఖంలోకి చూస్తూ, అదిగో అక్కడే మా నాన్న పనిచేసిన మిల్లు అని చూపించాడు. మా ఆయన చిమ్నీ వంక చూసి, "ఎన్ని సాంచెలు?" అని అడిగాడు.

ఇంటికి వచ్చాక సంచిలోని చీరలు తీసి దండెం మీద వేశాను. ఇప్పటికీ ఆయనకు ఆ మూడు గురువారాల సంగతి తెలియదు. నేను దయగల మనిషిననే అనుకుంటాడు. ఆ రోజు నుంచి మా గదిలో మాటలన్నీ అయ్యేదాకా నేను లైటు ఆర్పలేదు.