మర పెద్దమ్మ పట్టిన చివరి కారం

మా వీధి చివర కారం మర నడిపిన పెద్దమ్మ పోయింది. నేను ఏడో తరగతి దాకానే చదివాను. దస్తూరీ కుదురుగా ఉండదు, అక్షరాలు తప్పుతాయి, మన్నించండి. చదివాక కాల్చెయ్యండని మొదట రాసి, కొట్టేశాను. కాల్చాల్సిన మాట ఇందులో ఏదీ లేదు.

మాచవరం నుంచి నరసరావుపేటకి కోడలిగా వచ్చిన కొత్తలో, మా అత్తయ్య చేలో పండిన మిరపకాయలు సంచిలో పోసి నన్ను మరకి పంపింది. కాయలు మెత్తబడ్డాయని నాకు తెలియలేదు. పెద్దమ్మ ఒక కాయ తీసి విరవబోయింది. అది విరగలేదు, వంగింది.

"ఏమే, ఎవరి కోడలివే నువ్వు? ఇయ్యి పోస్తే మర బిగుసుకుపోద్ది. మీ అత్త నన్ను తిట్టుద్దా, నిన్ను తిట్టుద్దా?"

నాకు ఏడుపొచ్చింది. ఆమె మర ముందు పట్టా పరిచి కాయలు ఎండబోసింది. నన్ను పక్కన కూర్చోబెట్టి, రంగు పోయి తెల్లబడ్డ తాలు కాయలన్నీ ఏరించింది. సాయంత్రం దాకా కబుర్లే. "కరెంటు పోయిందని చెప్పు మీ అత్తకి. అబద్ధం నాది, పాపం నాది" అంది. ఆ ఊళ్ళో నాతో మొదట నవ్విన మనిషి ఆమే.

ఆమె కనురెప్పల మీద ఎప్పుడూ ఎర్రటి పొడి ఉండేది. పసిపిల్లల ఉగ్గుపిండి పొద్దున్నే పట్టేది. కారం పట్టాక ఆ రోజుకి ఎంత బతిమాలినా పిండి పట్టేది కాదు. "పసినోటికి ఘాటు తగిలితే ఎవరు జవాబు చెప్తారే?" అనేది.

తర్వాత పెద్దరోడ్డు మీద సూపర్ మార్కెట్ వచ్చింది. ఒకటి కొంటే ఒకటి ఉచితమని కారం ప్యాకెట్లు గుట్టగా పోశారు. మిరప పండించే ఇళ్ళవాళ్ళే వరసలో నిలబడి కొన్నారు. నాకు ఇప్పటికీ ఒళ్ళు మండుతుంది. మన కల్లాల్లో కాయలు గోనె టిక్కీల్లో బస్తాలుగా తొక్కి పంపేసి, ఎక్కడిదో, ఎప్పటిదో తెలియని పొడి కొనుక్కోవడమా? అందులో తాలు ఎంతో ఎవరు చూశారు? నేనూ వెళ్ళాను, దాచను. అంత పెద్ద కొట్లో నన్ను అడిగింది ఒక్కటే, సంచి కావాలా అని. మొహం అట్టా వాడిందేందని, తిన్నావా అని అడిగే మనిషి ఒక్కరూ లేరు.

ఈ వేసవిలో నా కాయలు పట్టి పెద్దమ్మ మర ఆపేసింది. "ఈ ఏడు నువ్వొక్కదానివే వచ్చావే" అంది. నెల తిరక్కుండానే పోయింది.

పెద్దకర్మ నాడు వంట దగ్గర ఆమె కోడలు కారం ప్యాకెట్లు కత్తిరిస్తోంది. నలుగురిలో నోరెత్తని నేను గట్టిగా అనేశాను.

"అక్కా, పెద్దమ్మ విస్తట్లో ప్యాకెట్ కారమా?"

"చచ్చిపోయినామెకి రుచి తెలుసుద్దా ఏందే?"

"మనకి తెలుసుద్ది గదా!"

మా అత్తయ్య నా చెయ్యి గిల్లింది. అయినా ఇంటికి పరుగెత్తి, పెద్దమ్మ పట్టిచ్చిన కారం దాచుకున్న సీసా తెచ్చాను. మూత తీయగానే పందిరంతా దగ్గు. ఆ కారంతోనే కూర చేసి పెద్దమ్మ పేర విస్తరి వేశారు.

ఇంటికొచ్చాక అత్తయ్య తిడుతుందనుకున్నాను. మర్నాడు ఆమే డాబా మీద పట్టా పరిచి, ఇంట్లో మిగిలిన కాయలు పోసి, తాలు ఏరడం మొదలుపెట్టింది. నేనూ పక్కన కూర్చున్నాను. ఆమె ఒక కాయ విరిచింది. ఫట్‌మంది. ఎక్కడ పట్టించాలో ఇద్దరికీ తెలియదు. కాయలు మాత్రం ఎండుతున్నాయి.