మంజీర మట్టి, దీవి మీది దీపం

నా చిన్నప్పుడు మా ఇంట్లో కందిలి గాజు తుడిచే పని మా తాత ఇంకెవరికీ ఇచ్చేవాడు కాదు. పొద్దు వాలగానే అరుగు మీద కూర్చుని, జల్లించిన బూడిద, పాత ధోతి ముక్క పక్కన పెట్టుకుని ఆ గాజును తుడిచేవాడు. కొత్త కోడలి నగలు తోమినట్టు తోముతాడని మా అమ్మ చాటుగా నవ్వేది. మెదక్ ఖిల్లా గుట్ట వాలులో ఉండేవాళ్లం, సముద్రం ఎక్కడ, మేమెక్కడ! కానీ మా తాత వయసులో ఉన్నప్పుడు ఓడలకు దారి చూపించిన మనిషి. ఆ మాట చెప్పుకోవడం నాకు ఇప్పటికీ గర్వమే.

కరువు కాలంలో కూలి వెతుక్కుంటూ నడిచి నడిచి, గోదావరి సముద్రంలో కలిసే చోట ఒక దీవికి చేరాడట. అక్కడ ఇంగ్లీషు దొరలు కట్టించిన దీపస్తంభం ఉండేది. రాయీ గచ్చూ కలిపి కట్టింది, మన మెదక్ చర్చి శిఖరంలో సగం ఉంటుందని చెప్పేవాడు. పైన గాజు గది, లోపల పెద్ద దీపం, దాని చుట్టూ తిరిగే రేకు తెర. ఆ తెర వల్ల దీపం రెండుసార్లు పొట్టిగా, ఒకసారి పొడుగ్గా వెలిగేది. ఒక్కో స్తంభానిది ఒక్కో తీరు వెలుగు. దాన్ని చూసే ఓడవాళ్లు ఏ తీరానికి వచ్చామో పోల్చుకునేవాళ్లు. తెర తిప్పే యంత్రం మొరాయిస్తే మా తాత తెల్లారేదాకా చేత్తోనే తిప్పేవాడట. మా నాయన పుట్టి పెరిగింది ఆ దీపం కిందే.

ఎన్ని తుఫాన్లు వచ్చినా ఆరని ఆ దీపాన్ని చివరికి మట్టి ఆర్పేసింది. ఏటేటా గోదావరి తెచ్చిన ఒండ్రు పేరుకుని రేవు పూడిపోయింది. పెద్ద ఓడలు వేరే రేవుకు మళ్లాయి, ఆ వెనకే చిన్నవీ పోయాయి. పనివాళ్లను ఒక్కొక్కరినే పంపించేశారు. ఆఖరికి దొరలు వచ్చి అద్దాలు విప్పి పడవలో వేసుకుని పోతే, మా తాత పెళ్లాం బిడ్డలతో మెదక్ తిరిగొచ్చాడు. "మన మంజీర పోయి కలిసేది గోదావరిలనే గద. మన మట్టే పోయి నా దీపాన్ని పూడ్చింది" అని నవ్వేవాడు. ఆ నవ్వులో కోపం ఉండేది కాదు.

పోలీస్ యాక్షన్ అయిన వానాకాలం అది. నిజాం లొంగిపోయాడని తెలిసింది గాని భయం మాత్రం పోలేదు. రోడ్ల మీద మిలిటరీ లారీలు, చేలల్లో దాక్కున్న రజాకార్లు, రజాకార్ల మీది పగ సాయిబులందరి మీదా తీర్చుకోవాలని వెతికేవాళ్లు. వెలుతురు కనబడితే ఎవరొచ్చి తలుపు కొడతారోనని, పొద్దు గూకితే ఊళ్లో ఒక్క దీపం ఉండేది కాదు. ఆ రోజుల్లోనే మా నాయన కుల్చారం నుంచి మా మేనత్తను తేవడానికి బండి కట్టుకుని పోయాడు. ఆమెకు నెలలు నిండాయి, దవాఖాన మెదక్‌లోనే ఉంది. పొద్దున రావలసినవాళ్లు మునిమాపైనా రాలేదు. అమ్మ పొయ్యికీ గడపకూ మధ్య తిరుగుతూనే ఉంది.

తాత కందిలి వెలిగించి, చాట చంకన పెట్టుకుని, నన్ను మిద్దె మీదికి రమ్మన్నాడు. అమ్మ మెట్లకు అడ్డం వచ్చింది.

"దీపం పెట్టకుండ్రి మామా. ఎవలన్న చూస్తే మన మీదికొస్తరు."

"ఎవలన్న చూడాల్ననే పెడుతున్న బిడ్డా" అన్నాడు తాత.

కుల్చారం దారి వైపు తిరిగి కందిలి ఎత్తి పట్టుకోమన్నాడు నన్ను. తాను చాట అడ్డం పెట్టి తీస్తున్నాడు. రెండుసార్లు పొట్టిగా, ఒకసారి పొడుగ్గా. అటు నాకు చీకటి తప్ప ఏమీ కనబడలేదు. దీపం దగ్గర నిలబడ్డవాళ్లకు అవతల ఎవరున్నారో ఎన్నడూ కనబడదనీ, ఉన్నారనుకునే పట్టుకోవాలనీ చెప్పాడు. చేతులు లాగి ఏడుపొచ్చింది గాని దించలేదు.

ఎంతసేపటికో బండి చప్పుడు వినబడింది. ఊరు చీకట్లో ఉంటే లోపల ఏం జరిగిందో తెలియక, మా నాయన దారి పక్క జొన్న చేలో ఎడ్లను విప్పి దాక్కున్నాడట. పసితనంలో నిద్రపోయే ముందు చూసిన వెలుగు గుట్ట వాలులో కనబడేసరికి, ఇల్లు క్షేమంగా ఉందని తెలిసి బండి కట్టాడట. 

మా బండి వెనక ఇంకో బండి ఉంది. కుల్చారంలో గాజులమ్మే సాయిబు, ఆయన భార్య, ఇద్దరు పిల్లలు. వాళ్లూ అదే చేలో ప్రాణాలు ఉగ్గబట్టుకుని కూర్చున్నారట, వెలుగు చూసి మావాళ్ల వెంట వచ్చారు. వాళ్లను ఇంట్లో పెట్టుకుంటే మనల్ని బతకనిస్తారా అని అమ్మ తాత చెవిలో అడిగింది. ఆమె భయం ఉత్తదేమీ కాదు.

"లైటు పెట్టినంక ఓడ ఎవలిదని అడుగరు బిడ్డా" అన్నాడు తాత.

 అమ్మ లోపలికి పోయి ఇంకొన్ని బియ్యం కడిగింది. ఆ రాత్రే మా మేనత్తకు నొప్పులు మొదలైతే, పొద్దున దవాఖానకు పోయేదాకా ఆమె చేయి వదలకుండా కూర్చున్నది ఆ సాయిబు భార్యే.

ముసలితనంలో నా మనవడిని వెంటబెట్టుకుని ఆ దీవి చూసొచ్చాను. సముద్రం ఎటో జరిగిపోయింది. మడ చెట్ల నడుమ మొండి గోడ, గచ్చు రాలిపోయి, లోపల పిట్టల గూళ్లు. ఇంత ఒంటరి చోట, ముఖం తెలియని మనుషుల కోసం ఒక్కనాడూ దీపం ఆరనివ్వని మా తాత ఎంత గొప్పవాడో నాకు అప్పుడు పూర్తిగా తెలిసింది. కాళ్లకు అంటిన బురద మన మెదక్‌దేనని చెబితే మనవడు నమ్మలేదు.

ఇప్పటికీ చీకటి పడ్డాక గేటు దగ్గర ఎవరైనా పిలిస్తే, ఎవరని అడగకముందే నా చేయి బయటి లైటు స్విచ్చి మీదికి పోతుంది.