గూడు చుట్టూ నెట్టు

అది నాకు మూడో కడుపు. ముందు రెండూ నాలుగో నెల దాటలేదు. అందుకే ఈసారి డాక్టరమ్మ నన్ను మంచం ఎక్కించింది. బాత్రూముకు తప్ప లేవకూడదట. తిరుచానూరు రోడ్డులో రెండో అంతస్తు, ఒక గది, ఒక కిటికీ. మంచి ఎండాకాలం. ఆ కిటికీ కూడా మూసే ఉంచేవారు, కింద సజ్జ మీద పావురాలు గూడు పెట్టాయని.

గూడంటే గూడూ కాదు. నాలుగు పుల్లలు అడ్డదిడ్డంగా పడేసి రెండు గుడ్లు పెట్టేసింది మహాతల్లి. పగలంతా మూలుగు, కంపు. గుడి దగ్గర ఇవే పావురాలకు గింజలు చల్లి ఫోటోలు దిగుతారు, మన సజ్జ మీదికొస్తే మాత్రం దరిద్రమంటారు. పావురం చేరిన ఇల్లు పాడుబడుతుందని ఎదురింటావిడ నా మొహం మీదే చెప్పి వెళ్లింది. ఆ మాటకు నేను వారం రోజులు ఏడ్చాను.

గూడు తీయించమని మా ఆయన్ని పోరాను. అత్త ఒప్పుకోలేదు. "కడుపుతో ఉండే ఇంట్లో గూడు చెరిపితే మంచిది కాదు. ఎవురూ ముట్టుకోబాకండి."

చివరికి మా ఆయన, పావురాలు రాకుండా నెట్టు, అదే నైలాను వల, కట్టే అతన్ని పిలిపించారు. అతను మిద్దె మీంచి తాడుతో దిగి, పావురాన్ని తోలేసి, సజ్జ చుట్టూ నెట్టు బిగించాడు.

"గూడు ముట్టుకోలేదు పెద్దమ్మా. గుడ్లు ఆడే ఉండాయి," అన్నాడు. అత్తకు తృప్తి కలిగింది. పాపం అంటలేదు కదా, అతనికి కాఫీ కూడా ఇచ్చింది.

అతను వెళ్లాక పావురం వచ్చింది. నెట్టు మీద వాలి, రెక్కలు కొట్టుకుని, జారి, మళ్లీ వాలింది. జానెడు దూరంలో గుడ్లు. నేను గోడవైపు తిరిగి పడుకున్నాను. చప్పుడు ఆగలేదు. గుడ్లు చల్లబడిపోతాయన్న ఆలోచన నన్ను పడుకోనివ్వలేదు. లేచాను. కత్తెర తీసుకుని, కిటికీ తెరిచి, ఊచల్లోంచి చెయ్యి పెట్టి కోశాను. గట్టి దారం, చచ్చినా తెగదు. బలంగా లాగితే పొత్తికడుపులో కలుక్కుమంది. అయినా ఆపలేదు. ఆ మొండితనం తలుచుకుంటే ఇప్పటికీ నా మీద నాకే కోపం వస్తుంది.

నెట్టు తెగేసరికి అత్త గుమ్మంలో ఉంది. "ఎందుకు లేసినావు?"

"గుడ్లు చల్లబడిపోతాయి అత్తా."

ఆమె కిటికీ వైపు చూడనైనా లేదు. నన్ను పడుకోబెట్టి పొట్ట మీద చెయ్యి వేసింది. "కదుల్తా ఉండాదా?"

"లేదు."

పావురం లోపలికి దూరి గుడ్ల మీద కూర్చున్నట్టుంది, మూలుగు వినిపించింది. మాకెవరికీ అది పట్టలేదు. అత్త చెయ్యి తీయలేదు. దేవుడా, ఒక్కసారి కదిలితే చాలు అనుకుంటూ పడున్నాను. ఎంతసేపయిందో తెలీదు. చివరికి ఆమె అరచేతి కిందే బిడ్డ తన్నింది.

అత్త ఏడ్చింది. కొంగుతో మొహం తుడుచుకుని, కత్తెర తీసుకుని వెళ్తూ తలుపుకు బయట గడియ పెట్టింది. తీయమని నేను అడగలేదు.