మంగినపూడి బురదలో మహాసముద్ర గ్రంథకర్త

ఆ రోజుల్లో బందరులో కొండ మొహమైనా చూడనివాడు కొండల మీద పుస్తకం రాస్తానంటే ఎవరూ అడ్డుపడేవారు కాదు. అడ్డుపడాలంటే ముందు వాళ్లు కొండ చూసి ఉండాలి కదా! మా వైపు నేలంతా పీట వేసినట్టు చదునుగా ఉంటుంది. సైకిలు మీద కాలవ వంతెన ఎక్కి దిగితే అదే మాకు ఘాట్ రోడ్డు. అలాంటి ఊళ్లో, డెబ్భై తొమ్మిది వేసవిలో, డిగ్రీ ఆఖరి ఏడాది ఒకే పేపరు రెండుసార్లు తప్పి (ఏ పేపరో అడక్కండి, దాని మీద నాకు ఇప్పటికీ కోపమే), ప్రపంచంలోని పర్వతాలూ, సముద్రపు లోతులూ, మనిషి కాలుపెట్టని చోట్లూ అన్నింటినీ కలేసి నేనొక గ్రంథం రాశాను. ఇప్పుడు ఏ కుర్రాడైనా అలాంటి పని చేస్తే ముందు వాణ్ణి తిడతాను, తర్వాత వాడిచేత రాయించినవాణ్ణి తిడతాను.

నాచేత రాయించినవాడు ప్రైజుల బాబాయి. నాకు వరసకు బాబాయేమీ కాదు, ఊరందరికీ బాబాయే. బళ్లలో వార్షికోత్సవాలకు బహుమతులిచ్చే పుస్తకాలు అచ్చువేసి గుడివాడ నుంచి అవనిగడ్డ దాకా సరఫరా చేసేవాడు. ఆ పుస్తకాలు చదివిన ప్రాణిని నేను ఇంతవరకూ చూడలేదు. పరుగుపందెంలో గెలిచిన పిల్లవాడు ఇంటికి తెస్తే, వాళ్లమ్మ అట్ట తుడిచి బీరువాలో పెట్టేది, అంతటితో సరి. కాబట్టి బాబాయికి కావలసినవల్లా గట్టి అట్ట, బరువైన పేరు. "లోపల కూడా ఏదో ఒకటి ఉండాలి కదరా, తెల్లకాగితాలు కుట్టి ఇస్తే హెడ్మాస్టర్లు ఊరుకోరు" అంటూ నాలుగు చిరుగుల ఇంగ్లీషు పుస్తకాలు నా ఒళ్లో పడేశాడు. "ఇందులోంచి కాస్తా అందులోంచి కాస్తా తీసి, మధ్యమధ్యలో 'ఆహా' అని వెయ్యి. సొంతంగా రాసినట్టుంటుంది" అని కిటుకు కూడా చెప్పాడు.

నేను ఒప్పుకున్నది ఒకే ఒక్కదానికి. అట్ట మీద నా పేరు వేస్తానన్నాడు! ఇంట్లో అప్పటికి నాకు పేరే లేదు మరి. "ఆ తప్పినవాడు అన్నం తిన్నాడా?" అని అడిగేది మా నాయనమ్మ. మా బావ (అక్క మొగుడు, ఒక బ్యాంకులో గుమాస్తా, తానే ఆ బ్యాంకు కట్టించినట్టు నడిచేవాడు) పండక్కి వచ్చినప్పుడల్లా "ఏమోయ్, ఈసారైనా గట్టెక్కుతావా?" అని నవ్వేవాడు. ఆ పుస్తకం తెచ్చి ఆయన భోజనం చేస్తుండగా పక్కన పెట్టాలి, ఆయన చెయ్యి నోటి దగ్గరే ఆగిపోవాలి. నా సాహిత్య లక్ష్యం మొత్తం అంతే.

రాయడం మొదలుపెట్టాక నాకు కళ్లు నెత్తికెక్కాయి. కాలవ గట్టునే ఎత్తనుకునే జనం, వీళ్లకేం తెలుసు హిమాలయాలు! అని బజార్లో అందరినీ జాలిగా చూసేవాణ్ణి. అసలు మంచు ఎలా ఉంటుందో తెలియక, సోడా కొట్టుకెళ్లి రంపంపొట్టులో కప్పెట్టిన ఐసుగడ్డ మీద అరచెయ్యి ఆనించి, ముక్కు దగ్గర పెట్టుకుని చూశాను. హిమశిఖరాల మీది మంచుకు సన్నని చెక్క వాసన ఉంటుందని రాశాను. ఆ వాక్యం అలాగే అచ్చయింది. ఇంతవరకూ ఒక్కరూ కాదనలేదు, చదివితే కదా.

అయితే బాబాయి పుస్తకాలకు ఒక నియమం ఉండేది. మొదటి పేజీలో మా భూగోళం మాస్టారు "చూశాను, పిల్లలకు ఇవ్వదగినది" అని సంతకం పెట్టాలి. లేకపోతే బళ్లవాళ్లు ముట్టుకునేవారు కాదు. ఆయనది దివిసీమ. క్రైస్తవ బడిలో చాలాకాలం పాఠాలు చెప్పి రిటైరయ్యారు. ఆదివారం చర్చి నుంచి రాగానే, చొక్కా అయినా విప్పకుండా నా రాతప్రతి చేతిలోకి తీసుకున్నారు. కొండలు గబగబా దాటేశారు. సముద్రం దగ్గర ఆగిపోయారు.

"'అడుగు పెట్టగానే అగాధం నోరు తెరుస్తుంది' అని రాశావు. ఎక్కడ నాయనా?"

"సముద్రంలోనండి."

"నువ్వు దిగావా?"

దిగకేం! మాఘ పౌర్ణమి స్నానాలకు మా మావయ్య భుజాల మీద కూర్చుని దిగాను, అప్పుడు నాకు మూడేళ్లు. అది చెబితే నవ్వుతారని నోరు మూసుకున్నాను.

"మంగినపూడి ఎంత దూరం? వెళ్లి, నడుము లోతు వచ్చేదాకా నడువు. ఎన్ని అడుగులు పట్టిందో లెక్కపెట్టుకుని రా. అప్పుడు సంతకం పెడతాను" అన్నారు.

ఏడు మైళ్ల లోతు అగాధాల గురించి రాసినవాణ్ణి పట్టుకుని నడుములోతు కొలుచుకు రమ్మంటారా! ముసలాయనకు చాదస్తం, అనుకుంటూ మర్నాడే అద్దె సైకిలు తొక్కాను. ఇస్త్రీ ప్యాంటు, బూట్లు, జేబులో నోటుపుస్తకం. అందరూ స్నానాలు చేసేచోట దిగితే గ్రంథకర్తకు మర్యాదేముంది? అందుకని జనం లేని వైపుకి చాలా దూరం పోయి, బూట్లు విప్పి, ప్యాంటు మడిచి దిగాను. నీళ్లు వెనక్కి పోయి నేల నల్లగా నిగనిగలాడుతోంది. అరవై ఒకటి, అరవై రెండు... అరవై మూడో అడుగుకి కాలు మోకాలి దాకా దిగింది. దాన్ని లాగబోతే రెండోది తొడ దాకా దిగింది. నీళ్లు చూస్తే ఇంకా నా ముందర ఎక్కడో ఉన్నాయి. సముద్రాన్ని ముట్టుకోకుండానే మునిగిపోతున్న మొదటి మనిషిని నేనే అయ్యుంటాను. "బాబోయ్!" అని అరిచాను. గ్రంథం మొత్తంలో అంత సహజమైన మాట ఇంకోటి లేదు.

ఒడ్డున చేపలు ఎండబెట్టుకుంటున్న ఒక పెద్దావిడ తల ఎత్తి చూసింది. ఆవిడకు కంగారేమీ లేదు. తాటిపట్టె ఒకటి ఈడ్చుకుంటూ వచ్చింది.

"తన్నుకోకయ్యా, తన్నుకునే కొద్దీ దిగిపోతావు. ఎల్లకిలా పడుకో. ఆ చొక్కా సంగతి తర్వాత చూసుకుందువు గాని, పడుకో ముందు!"

పడుకున్నాను. పట్టె మీదికి పాకి, దూడలా ఈడ్పించుకుని గట్టున పడ్డాను. "ఇక్కడికెందుకొచ్చావు? ఊళ్లోవాళ్లెవరూ ఇటు దిగరే" అంది. ఒళ్లంతా బురద అయినా గర్వం మాత్రం అంటుకునే ఉంది నాకు. సముద్రం మీద పుస్తకం రాస్తున్నానని, దాని లోతు ఏడు మైళ్లని, ఆవిడకు తెలియదు కదా పాపం అన్నట్టు చెప్పాను.

ఆవిడ నా వంక అదోలా చూసింది. "లోతు ఎవరికి కావాలి బాబూ? మొన్న ఉప్పెనప్పుడు లేచి మా ఇళ్ల మీదికొచ్చిందే, ఆ ఎత్తు రాశావా?"

రాయలేదు. ఉప్పెన వచ్చి రెండేళ్లు కాలేదు. మా వీధిలో దాని గురించి మాట్లాడని ఇల్లు లేదు. నా నాలుగు ఇంగ్లీషు పుస్తకాల్లో లేదు కాబట్టి నాకు తోచనేలేదు. ఆవిడ మళ్లీ చేపల దగ్గరికి వెళ్లిపోయింది. నాకు ఏడుపొచ్చింది, నిజంగానే.

అయినా బుద్ధి రాలేదు. మాస్టారి దగ్గరికెళ్లి "నాలుగు వందల పన్నెండు అడుగులండి" అన్నాను తడుముకోకుండా.

"పోటు మీదా, పాటు మీదా?"

నీళ్లు ముందుకొచ్చే వేళా, వెనక్కిపోయే వేళా అని ఆయన అడగడం. నేను నేల చూపులు చూశాను. ఇక దాచలేక బురదా, తాటిపట్టే, ఆవిడ అడిగిన మాటా అన్నీ కక్కేశాను. మాస్టారు చాలాసేపు కళ్లద్దాలు తుడుచుకున్నారు. ఆ ఉప్పెనలో పోయినవాళ్లలో ఆయనవాళ్లు కూడా ఉన్నారని నాకు అప్పటికి తెలియదు.

"అదే రాయి నాయనా. ఆ అమ్మ అడిగింది కూడా రాయి. నువ్వు రాస్తావు" అని, నేనింకా రాయని ఆ అధ్యాయాన్ని నమ్మి సంతకం పెట్టి ఇచ్చేశారు.

రెండు రోజులు కూర్చుని రాశాను. ఒక్క "ఆహా" లేకుండా వచ్చింది. బాబాయి టీ తాగుతూ చదివి మొహం చిట్లించాడు. "బహుమతి పుస్తకంలో ఈ ఏడుపేంట్రా? అయినా ఇది మారుమూల ప్రదేశాల పుస్తకం. మంగినపూడికి రోజూ జనం పోతూనే ఉన్నారాయె! పాత అధ్యాయమే ఉంచుదాం. కాదంటే చెప్పు, అట్ట మీద ఇంకోళ్ల పేరు వేసుకుంటాను."

ఎంతసేపు ఆలోచించానంటారా? ఆయన గ్లాసు కింద పెట్టేలోపే "మీ ఇష్టం బాబాయ్" అనేశాను. సిగ్గు లేకపోతే సరి!

పుస్తకం వచ్చింది. అనుకున్నట్టే బావ భోజనం చేస్తుండగా పక్కన పెట్టాను. ఆయన చెయ్యి ఆగలేదు. "నీ పేరున్నవాడు ఇంకోడున్నాడే ఊళ్లో!" అని పెరుగు వడ్డించమన్నాడు. ఆ తర్వాత ఒక కాపీ పట్టుకుని మాస్టారింటికి వెళ్లాను. వెళ్లకుండా ఉండలేకపోయాను. ఆయన తన సంతకం చూసుకున్నారు. పేజీలు తిప్పి, సముద్రం దగ్గర 'అడుగు పెట్టగానే అగాధం' చదివారు. పుస్తకం మూసి, అట్ట మీద చేత్తో నిమిరారు.

"పేరు బాగా పడింది" అన్నారు.

ఇప్పుడు నాకు ఆయన వయసుంది. ఒక కాపీ ఇంకా నా దగ్గరే ఉంది, అట్ట చెక్కుచెదరలేదు (ఆ విషయంలో బాబాయిని మెచ్చుకోవాలి). అప్పుడప్పుడు తీసి, ఆ చెక్కవాసన మంచు దగ్గర నవ్వుకుని, సముద్రం దగ్గరికి రాగానే మూసేస్తాను. మూశాక అట్ట మీద ఆ ఇరవయ్యేళ్లవాడి పేరు కనిపిస్తుంది. ఆ పుస్తకం మొత్తంలో, తన కళ్లతో చూసిందాన్ని వదులుకుని వాడు వేయించుకున్నది అదొక్కటే, వెర్రివెధవ.