పెళ్లిలో రత్నక్క పెట్టించిన మందు బల్ల

పోయిన ఆదివారం బెంగళూరు సర్జాపురలో మా ఫ్యాక్టరీ సెక్షన్ అమ్మాయి పెళ్లి విందుకు వెళ్లాను. అపార్ట్‌మెంటు పచ్చికలో అడుగు పెట్టగానే ఐసు మీద కప్పిన తడి గోనెపట్టా వాసన, దాని వెనకే అప్పుడే మూత తీసిన బీరు వాసన ముక్కుకు తగిలాయి. నేను ఉన్నచోటే ఆగిపోయాను. ఏమైందని మా ఆయన అడిగాడు. ఏమీ కాలేదు, రత్నక్క గుర్తొచ్చింది. ఆమె పోయి రెండేళ్లవుతోంది. జీవితంలో ఒక్క చుక్క ముట్టని మనిషి, నాకు మాత్రం బీరు వాసనతోనే గుర్తొస్తుంది.

పీణ్యలో మేమున్న ఇంటికి కింది వాటా ఆమెది. మా నాయన హిందూపురం వైపు నుంచి పనికోసం వచ్చిన బేల్దారి మేస్త్రి. నేను దగ్గరలోనే ఒక చిన్న ఫ్యాక్టరీలో బేరింగుల కొలతలు సరిచూసే పనిలో ఉండేదాన్ని. రత్నక్క మెట్టినిల్లు కాటన్‌పేటలో తరాలుగా స్థిరపడ్డ తెలుగు వ్యాపారుల ఇల్లు. ఆమె భర్త అక్కడ వైన్‌షాపు నడిపేవాడు. ఆయన పోయాక షాపు మరిదికి అప్పగించి ఇంట్లో కూర్చోమన్నారు అత్తవారు. ఆమె లైసెన్సు తన పేరుకు మార్పించుకుని కౌంటర్లో కూర్చుంది. దాంతో ఆ ఇంట్లో చోటు లేకుండా పోయి పీణ్యకు వచ్చింది. రోజూ పొద్దున్నే బస్సెక్కి కాటన్‌పేట వెళ్లేది. మొగుణ్ని మింగిన మందునే అమ్ముకుంటోందని మా వీధిలో వాళ్లు ఆమెకు వినబడేలాగే అనేవారు. ఆమె చెప్పులు వేసుకుని, వాళ్ల ముందునుంచే తలెత్తుకుని నడిచిపోయేది. మెట్ల మీద నిలబడి ఆ నడక చూడడం నాకు ఎంతో ఇష్టంగా ఉండేది.

నాకు మహేశ్‌తో పెళ్లి కుదిరింది. పెళ్లి పొద్దున, విందు మధ్యాహ్నం. మందు తాము పెట్టబోమని, కావాలంటే పర్మిషన్ తీసుకుని మీరే తెచ్చుకోండని హాలువాళ్లు చెప్పారు. మా పెదనాయన వెంటనే ఒక జాబితా రాసిచ్చాడు. ఫ్యాక్టరీ ఓనర్లకూ పెద్దమనుషులకూ స్టేజి వెనక గదిలో ఖరీదైన విదేశీ విస్కీ. మేస్త్రీలకూ కూలివాళ్లకూ హాలు వెనక జనరేటరు దగ్గర, దొరికినంతలో చవకది. ఏది ఎన్ని సీసాలు కావాలో నాకు తెలియక ఆ కాగితం పట్టుకుని రత్నక్క దగ్గరికి దిగాను.

ఆమె కళ్లద్దాలు పెట్టుకుని మొత్తం చదివింది. "ఇదెవురు రాసినారు?"

"మా పెదనాయన."

"పెండ్లి ఆయనదా, నీదా?"

ఆమె కాగితాన్ని తిప్పి వెనక తెల్లవైపు రాయడం మొదలుపెట్టింది. "మధ్యాన్నం విందు. ఎండ. తాగేవాళ్లలో సగం మంది బీరే అడుగుతారు. మామూలు బీరు తెప్పించు, స్ట్రాంగ్ బేడ, వద్దు. అది తాగినోళ్లు అన్నం కాడికి పొయ్యేలోపలే ఊగుతారు. విస్కీ ఒకే రకం. మరీ గొప్పదొద్దు, మరీ నాసిదొద్దు, అందరికీ అలవాటైంది చాలు. మేస్త్రీలు రమ్ము ఇష్టపడతారు, అదొకటి. నంది కొండ పక్కన ద్రాచ్చతో చేసే తీపి వైను ఇంకొకటి. సాకు, ఇంతే చాలు."

"వైను ఎవరికక్కా?"

"ఆడోళ్లకు. వాళ్లు తాగరని నీకెవురు చెప్పినారు? కౌంటర్లో కూసున్నదాన్ని, నాకు తెలుసు." రాస్తూనే ఇంకో మాట అంది. "ఓనరు తాగేదే మీ నాయనా తాగల్ల. ఒకే బల్ల, ఒకే సీసా. దానికి ఒప్పుకుంటేనే నేను వస్తా. లేదంటే ఇంకెవుర్నైనా అడుక్కో అమ్మణ్ణీ."

నేను ఒప్పుకున్నాను. ఆ మాట అన్నంత తేలిగ్గా జరగలేదు. రెండు రోజుల తర్వాత పెదనాయన మా ఇంటికొచ్చి నాయనను నిలదీశాడు. నాయన తల దించుకున్నాడు. నేను కిందికి వెళ్లి రత్నక్కను పిలుచుకొచ్చాను.

"కల్యాణ మంటపంలో బల్ల మీద సీసాలా? నలుగురిలో తలెత్తుకోవద్దా? అట్ల పెడితే నేను ఆ గడప తొక్కను," అన్నాడు పెదనాయన. మా చుట్టాల్లో ఏ పెళ్లి జరిగినా హాలు వెనక్కి మొదట వెళ్లేది ఆయనే.

"వెనక తాగితే తప్పు లేదా అన్నా?" అంది రత్నక్క.

"మాది సంసారుల ఇల్లు. ఇందులో నువ్వు మాట్లాడొద్దు. అసలే నువ్వు..." అని ఆగిపోయాడు.

"మొగుడు పోయినదాన్ని. చెప్పన్నా, నాకు తెలిసిన మాటే గదా." ఆమె గొంతు పెంచలేదు. "మా ఇంటాయన తాగి చచ్చిపోయినాడని అంతా అంటా ఉండారు. కాదు. దాక్కొని తాగి చచ్చిపోయినాడు. ఇట్లాంటి పెండ్లిలోనే. మామ చూస్తాడని కారు డిక్కీ కాడ నిలబడి, అన్నం తినకుండా, నీళ్లు కలపకుండా గబగబా పోసుకున్నాడు. ఎవురూ చూడల్యా. చూడల్యా గాబట్టి బండి తియ్యొద్దని చెప్పేవాడూ లేకపాయె. బల్ల మీద ముందరే పెట్టింటే నేను చూసిందును. బండి తాళం లాక్కొనిందును."

పెదనాయన ఆమె వైపు చూడకుండా నా వైపు తిరిగాడు. "నువ్వేమంటావు?"

పుట్టి బుద్ధెరిగాక ఆయనకు ఎదురు చెప్పింది లేదు. "రాకపోతే నీ ఇష్టం పెదనాయనా. బల్ల మాత్రం ముందరే ఉంటాది."

పెళ్లినాడు భోజనాల హాల్లో కిటికీ పక్కన, నిండు వెలుతురులో బల్ల వేయించింది రత్నక్క. ఎక్సైజ్ ఆఫీసులో తెచ్చుకున్న ఒకరోజు పర్మిషన్ కాగితాన్ని తానే గోడకు అంటించింది. తాను బల్ల వెనక కుర్చీ వేసుకుంది. వచ్చినవాళ్లకు ముందు ఉడకబెట్టిన శెనక్కాయలు, కైమా వడలు, గ్లాసుడు నీళ్లు. అవి కానిచ్చాకే మందు. దూరం వెళ్లేవాళ్లను దింపడానికి రెండు టెంపోలు గేటు దగ్గర నిలబెట్టించింది. పెరుగన్నం వడ్డించే వేళకు బల్ల ఎత్తేస్తామని ముందే అందరికీ చెప్పింది.

మొదట ఎవరూ దగ్గరికి రాలేదు. మగవాళ్లు గోడకు ఆనుకుని ఒకరినొకరు చూసుకుంటూ నిలబడ్డారు. నాయన అలవాటుగా వెనక తలుపు వైపు నడిచాడు. అక్కడ జనరేటరు తప్ప ఏమీ లేదు. తిరిగొచ్చి బల్లకు నాలుగడుగుల దూరంలో తువ్వాలు నలుపుకుంటూ ఆగాడు.

"రాన్నా, కూసో," అని రత్నక్క కుర్చీ చూపింది. "నీ బిడ్డ పెండ్లి. నిలబడి తాగే ఖర్మేంది నీకు?"

నాయన కూర్చున్నాడు. ఆమె వడల పళ్లెం ఇచ్చి, తిన్నాక విస్కీ కలిపి ఇచ్చింది. కాసేపటికి మా ఓనరు వచ్చి అదే సీసాలోంచి పోయించుకుని పక్క కుర్చీలో కూర్చున్నాడు. ఆయన కట్టించుకుంటున్న ఇంట్లో స్లాబు కారుతోందట. ఎన్ని రోజులు నీళ్లు పట్టారు, కంకర ఎక్కడిది అని నాయన అడుగుతుంటే ఓనరు బుద్ధిగా జవాబిచ్చాడు. మహేశ్ వాళ్ల మేనత్త తీపి వైను గ్లాసుతో మా అమ్మ పక్కన చేరింది. నాయన ఒక్క గ్లాసుతో సరిపెట్టి లేచి, చేతులు కడుక్కుని, ఫోటోకు వచ్చి నా పక్కన నిలబడ్డాడు. అంతకుముందు జరిగిన పెళ్లిళ్లలో ఏ ఫోటోలోనూ నాయన లేడు. ఫోటోలు తీసే వేళకు ఎప్పుడూ హాలు వెనకే ఉండేవాడు.

పెదనాయన అన్నంత పనీ చేశాడు, రాలేదు. ఈ రోజుకీ మా ఇంటికి రాడు. మా చుట్టాల్లో కొందరికి నేనింకా మందు పెండ్లికూతురినే. మొదట్లో ఆ మాటకు ఏడ్చాను. ఇప్పుడు నవ్వొస్తుంది. రత్నక్క పోయినప్పుడు అత్తవారి వైపు నుంచి ఇద్దరే వచ్చారు, వాళ్లూ గేటు బయటే నిలబడ్డారు. మా నాయన, ఆయనతో పనిచేసే మేస్త్రీలు ఆ పూట పని మానుకుని వచ్చి పాడె మోశారు.

ఫ్యాక్టరీలో అమ్మాయిలు పెళ్లి కుదరగానే ఏ మందు, ఎంత తెప్పించాలక్కా అని నన్నడుగుతారు. రత్నక్క చెప్పినట్టే చెబుతాను. నలుగురూ ఏమనుకుంటారోనని వాళ్లు నసిగితే, అనుకోనీ అంటాను. ఎవరి పెళ్లికి వెళ్లినా అక్షింతలు వేశాక ఒకసారి హాలు వెనక్కి వెళ్లి చూస్తాను. అక్కడ చీకట్లోనో కారు చాటునో ఏ మేస్త్రీ అయినా తువ్వాలు కింద గ్లాసు దాచుకుని నిలబడి ఉంటే, అన్నా అని పిలిచి, చెయ్యి పట్టుకుని ముందుకు తీసుకొచ్చి కూర్చోబెడతాను.